ధూల్‌పేటను ఒక్క రాత్రిలో ఊడ్చేయొచ్చా?

మీరు అడిగింది ఇది: "రియోలో 2,500 మంది పోలీసులు ఒకేసారి దిగి డ్రగ్స్ ముఠాను తొక్కేశారు. హైదరాబాద్‌లో ధూల్‌పేట, మంగళ్‌హాట్ లాంటి నాలుగు ఏరియాలను అలా చుట్టుముడితే గంజాయి సంగతి వారంలో తేలిపోదా? మా గల్లీ చివర పాన్‌డబ్బా దగ్గర రోజూ పొట్లాలు చేతులు మారుతున్నాయి. సర్కారుకు చేతకాదా, ఇష్టం లేదా?"

నేను ఎక్సైజ్‌లో 28 ఏళ్లు చేశాను. ఎస్‌ఐగా చేరాను, రిటైరై నాలుగేళ్లవుతోంది. సర్వీసులో ఎక్కువ భాగం హైదరాబాద్, రంగారెడ్డిలోనే గడిచింది. మీరు చెప్పిన ధూల్‌పేట గల్లీలు నాకు మా ఇంటి వెనక సందుల్లాంటివి. ఒక్క రాత్రి ఊడ్చేయడం ఏ ప్రభుత్వానికీ పెద్ద పని కాదు. మర్నాడు సాయంత్రానికి మళ్లీ అంత సరుకు ఎక్కడి నుంచి వచ్చిందన్నదే అసలు గొడవ.

ముందు బ్రెజిల్‌లోని ఆ రియో సంగతి చూద్దాం. 2025 అక్టోబర్ 28న పెన్యా, అలెమావ్ అనే రెండు పెద్ద బస్తీల మీదికి పోలీసులు వెళ్లారు. 120 మందికి పైగా చనిపోయారు, అందులో కొందరు పోలీసులూ ఉన్నారు. మర్నాడు పొద్దున అక్కడి జనం గుట్ట మీది చెట్లలోంచి శవాలను మోసుకొచ్చి చౌరస్తాలో వరసగా పడుకోబెట్టారు. ఎవరి కోసం అంత మంది వెళ్లారో ఆ ముఠా నాయకుడు మాత్రం దొరకలేదు. మీకు వచ్చిన వీడియోలో ఇంకో ముక్క కూడా ఉండి ఉండదు. ఇదే అలెమావ్‌ను 2010 నవంబర్‌లో సైన్యం, పోలీసులు కలిసి సాయుధ వాహనాలతో వెళ్లి స్వాధీనం చేసుకున్నారు. ఇక అయిపోయిందని అప్పుడూ అన్నారు. పదిహేనేళ్ల తర్వాత మళ్లీ అదే కొండెక్కాల్సి వచ్చింది. థాయిలాండ్‌లో 2003లో మూడు నెలల్లో రెండు వేల మందికి పైగా చనిపోయారు. తర్వాత వేసిన విచారణ కమిటీ చూస్తే, చనిపోయినవాళ్లలో సగానికి పైగా మందికి డ్రగ్స్‌తో సంబంధమే లేదు.

పైగా మన ఊరు ఆ ఊరు కాదు. అక్కడ ముఠా చేతిలో రైఫిళ్లున్నాయి, బస్తీలోకి పోలీసు అడుగుపెట్టాలంటే యుద్ధమే. ధూల్‌పేటలోకి మీరు ఇప్పుడు ఆటోలో వెళ్లొచ్చు. వినాయక చవితి ముందు సగం హైదరాబాద్ విగ్రహాల కోసం అక్కడికే వెళ్తుంది. మనల్ని అక్కడ ఆపేవాడెవడూ లేడు. వెళ్లినా చేతికేం దొరకదు, అదీ ఇబ్బంది.

చుట్టుముట్టడం మేం చేయలేదనుకుంటున్నారేమో. తెలంగాణ వచ్చిన కొత్తలో కార్డన్ సెర్చ్‌లు జోరుగా జరిగేవి. తెల్లవారుజామున రెండు మూడు వందల మంది పోలీసులు బస్తీని చుట్టేసి ఇల్లిల్లూ సోదా చేసేవాళ్లు. కొన్నిసార్లు మమ్మల్నీ వెంట రమ్మనేవాళ్లు. పొద్దున ఏడింటికి గ్రౌండ్‌లో దొరికినవన్నీ వరసపెట్టి ఫోటోలు తీసేవాళ్లు. కాగితాల్లేని బైకులు యాభై అరవై, నాలుగైదు ఆటోలు, అక్రమంగా గ్యాస్ నింపే సిలిండర్లు, ఒకరిద్దరు రౌడీషీటర్లు. గంజాయి అంటారా, నేను వెళ్లినవాటిలో ఒకే ఒక్కసారి ఓ కుర్రాడి జేబులో రెండు పొట్లాలు దొరికాయి. ఆ కుర్రాడు అమ్మేవాడు కాదు, తాగేవాడు.

అమ్మేవాడు సరుకు ఇంట్లో పెట్టుకోడు. పక్కింటి నీళ్లట్యాంకు కింద, ఎవరిదో పాత స్కూటర్ డిక్కీలో, చెత్తకుండీ వెనక దాస్తాడు. పది పొట్లాలు తెచ్చుకుని అమ్ముతాడు, అయిపోతే మళ్లీ పది. పట్టుకుంటే చేతిలో ఉండేది యాభై అరవై గ్రాములు. మత్తుమందుల మీదున్న ఎన్‌డీపీఎస్ చట్టం ప్రకారం గంజాయి కిలో వరకు చిన్న పరిమాణం, ఏడాది లోపు శిక్ష, మధ్యాహ్నానికి బెయిల్. కిలో నుంచి 20 కిలోల వరకు పదేళ్ల దాకా పడొచ్చు. 20 కిలోలు దాటితే వాణిజ్య పరిమాణం, పదేళ్లకు తగ్గదు, ఇరవై ఏళ్ల దాకా పోతుంది, లక్ష నుంచి రెండు లక్షల జరిమానా, బెయిల్ చాలా కష్టం. అమ్మేవాడికి లాయర్ కంటే బాగా తెలిసిన అంకెలు ఇవి.

ధూల్‌పేట గురించి ఎలాగూ అడిగారు కాబట్టి గుడుంబా, అంటే నాటుసారా రోజులు చెప్పాలి. అప్పుడు మేం నిజంగానే ఓ పెద్ద ఆపరేషన్ చేశాం, సగం గెలిచాం.

గుడుంబా గల్లీలోకి వెళ్తుంటేనే కుళ్లిన బెల్లం వాసన ముక్కుపుటాలు పగలగొట్టేది. మొదటి మలుపులోనే ఓ పిల్లాడు "ఎక్సైజోళ్లొచ్చిండ్రు" అని అరిచేవాడు. మేం తలుపు తట్టేసరికి బట్టీ కింద మంట ఆరిపోయి ఉండేది, కానీ పొయ్యిరాళ్లు ఇంకా కాలుతుండేవి. మంచం జరిపితే నేలలో పాతిన డ్రమ్ము, దాని నిండా బెల్లం ఊట. ఊట పారబోస్తే మోరీ మొత్తం నురగ. సరుకు లారీ టైర్ ట్యూబుల్లో నింపి, భుజానికి వేసుకుని బయటికి తీసుకెళ్లేవాళ్లు. ఏళ్ల తరబడి మేం చేసింది ఇదే: ఊట పారబోయడం, కుండలు పగలగొట్టడం, ఓ ఆడమనిషి మీద కేసు రాయడం. పారబోసిన డ్రమ్ము రెండు రోజుల్లో మళ్లీ నిండేది. ఊటకు కావాల్సింది నల్లబెల్లం, పటిక, నీళ్లే కదా. ఓసారి ఒకామె నాతో మొహం మీదే అంది, "సార్, మీరు పారబోసిన దానికి బెల్లం ఖర్చు ఎంతో తెల్సా? మీకిచ్చే మామూళ్లకన్నా తక్కువ." ఆ మాటకు మా టీములో ఇద్దరు తల దించుకున్నారు. మిగతాది మీరే అర్థం చేసుకోండి.

2015 తర్వాత పద్ధతి మారింది. కుండల వెనక పడటం తగ్గించి బెల్లం వెనక పడ్డాం. నల్లబెల్లం, పటిక ఎవరు ఎంత తెప్పిస్తున్నారు, ఏ లారీలో వస్తోంది, ఎవరికి దింపుతోంది అన్నది రాసుకోవడం మొదలుపెట్టాం. హోల్‌సేల్ దుకాణాల మీద కేసులు పడ్డాయి. మానని వాళ్ల మీద పీడీ యాక్ట్, అంటే ముందస్తు నిర్బంధం చట్టం పెట్టాం. ఇంకోపక్క ఈ పని వదిలేస్తామన్న కుటుంబాలకు ప్రభుత్వం రెండేసి లక్షల పునరావాస సాయం ఇచ్చింది. కొందరు ఆటోలు కొనుక్కున్నారు, కొందరు కిరాణా పెట్టారు, కొందరు విగ్రహాల పనిలో పడ్డారు. రెండు మూడేళ్లలో గుడుంబా నిజంగానే పడిపోయింది. ఆ రోజుల్లో పనిచేసిన ఎవరినైనా అడగండి, సర్వీసులో ఒక్క పని గర్వంగా చెప్పమంటే ఇదే చెబుతారు.

సగం అని ఎందుకన్నానంటే, ఆ గల్లీల్లో కొన్నిటిలోకి గంజాయి వచ్చింది. గుడుంబాకు బట్టీ కావాలి, మంట కావాలి, వాసన వస్తుంది. గంజాయికి అవేవీ అక్కర్లేదు. కొన్నవాళ్లు, అమ్మినవాళ్లు, కాపలా కాసిన పిల్లలు, దారులు అన్నీ పాతవే, సరుకు ఒక్కటే కొత్తది. 2024లో ఎక్సైజ్ వాళ్లు మళ్లీ ఆపరేషన్ ధూల్‌పేట్ అని పేరు పెట్టి మరీ దిగాల్సి వచ్చింది. నేను అప్పటికి ఇంట్లో కూర్చుని పేపర్లో చదివాను.

మరి బెల్లం మీద చేసినట్టు గంజాయి మీద ఎందుకు చేయరంటే, చేశారు. బెల్లం బేగంబజార్‌లో దొరికేది, గంజాయి మాత్రం సీలేరు దాటి కొండల్లో దొరుకుతుంది. అంతే తేడా, కానీ అది చాలా పెద్ద తేడా.

మన ఊరికి వచ్చే గంజాయిలో ఎక్కువ భాగం ఆంధ్రా-ఒడిశా సరిహద్దుది. చింతపల్లి, జీకే వీధి, ముంచంగిపుట్టు, అటుపక్క మల్కన్‌గిరి, చిత్రకొండ. శీలావతి రకం అంటే మహారాష్ట్ర దాకా గిరాకీ ఉంది. వ్యాపారి తమిళనాడు, కేరళ, మహారాష్ట్ర నుంచి వచ్చి గిరిజన రైతుకు ముందే డబ్బిచ్చి సాగు చేయిస్తాడు. 2021 చివర్లో ఆంధ్రా పోలీసులు ఆపరేషన్ పరివర్తన్ అని మొదలుపెట్టి వేల ఎకరాల్లో పంట నరికించారు. 2022 ఫిబ్రవరిలో అనకాపల్లి దగ్గర కోడూరులో పట్టుబడిన గంజాయి రెండు లక్షల కిలోలు ఒకేచోట కాల్చారు. మీరు కోరుకునే పెద్ద ఆపరేషన్ అంటే అంతకంటే పెద్దది ఏముంటుంది చెప్పండి. ఆంధ్రా వైపు సాగు నిజంగానే బాగా తగ్గింది. కానీ కొండకు అటుపక్క వాలు ఒడిశాది. పంట అటు జరిగింది, లారీ దారి మాత్రం ఇటే. భద్రాచలం, కొత్తగూడెం, ఖమ్మం మీదుగానో, రాజమండ్రి దిగి విజయవాడ హైవే మీదుగానో హైదరాబాద్ వస్తుంది. ఇక్కడ కొంత దిగుతుంది, మిగతాది ఔటర్ ఎక్కి జహీరాబాద్ మీదుగా షోలాపూర్, పుణె పోతుంది. మన ఊరు గంజాయికి సంత మాత్రమే కాదు, జంక్షన్ కూడా. రైళ్లు వేరే. భువనేశ్వర్ నుంచి ముంబై వెళ్లే కోణార్క్ ఎక్స్‌ప్రెస్ సికింద్రాబాద్‌లో ఆగిందంటే మా వాళ్లు సంచులు వాసన చూసుకుంటూ తిరిగేవాళ్లు.

బండి ఒక్కటే రాదు. ముందు ఓ కారు ఖాళీగా వస్తుంది, దాన్ని పైలట్ అంటారు. టోల్‌గేటు దగ్గర చెకింగ్ ఉంటే వెనక బండికి ఫోన్ చేస్తాడు. వెనక బండిలో పనసకాయల కిందో, కొబ్బరిబోండాల కిందో సరుకు. డ్రైవర్‌కు తెలిసింది ఒక్క ఫోన్ నంబరు. ఎక్కడ దింపాలో కూడా హయత్‌నగర్ దాటాక చెబుతారు. ఆ డ్రైవర్‌ను పట్టుకుంటే పేపర్లో మర్నాడు "భారీగా గంజాయి పట్టివేత" అని వస్తుంది. ఎఫ్‌ఐఆర్‌లో ఏ1, అంటే మొదటి నిందితుడు, ఒడిశా వాసి, పరారీలో. ఏ2 కొన్నవాడు, పేరు తెలియదు, పరారీలో. ఏ3 డ్రైవర్, రిమాండు. ఇలాంటి ఎఫ్‌ఐఆర్‌లు నేనే ఎన్ని రాశానో లెక్కలేదు.

నేను ఓడిపోయిన కేసు ఒకటి చెబుతాను. పెద్ద ఆపరేషన్ అనే మాట వినగానే నాకు గుర్తొచ్చేది అదే.

2013 ఎండాకాలం. విజయవాడ హైవే మీద రాత్రి రెండింటికి ఓ పాత కారు ఆపాం. వెనక సీటు వీపు వైపు రేకు కొట్టించి అర చేశారు. అందులో గోధుమరంగు టేపు చుట్టిన రెండేసి కిలోల ప్యాకెట్లు పదకొండు. మా దగ్గర కాటా లేదు. పక్క ఊళ్లో కోళ్ల షాపాయన్ని నిద్రలేపి ఆయన కాటా తెచ్చాం. తూస్తే 22 కిలోల 100 గ్రాములు. అందరం ఒకరి మొహాలు ఒకరం చూసుకుని నవ్వుకున్నాం, 20 దాటింది కదా. పంచనామాకు ఓ వీఆర్వోను, ఓ హోటల్ కుర్రాడిని పిలిచి సంతకాలు పెట్టించాం. తెల్లారేసరికి ప్రెస్‌మీట్. మా ఆఫీసర్ నా భుజం తట్టారు.

బెయిల్ దగ్గరే డిఫెన్స్ లాయర్ ఒకే ఒక్క ప్రశ్న వేశాడు. టేపు తీసి తూశారా? తీయలేదు. మళ్లీ తూకం వేయమని కోర్టు చెప్పింది. టేపు, ప్లాస్టిక్ కవర్లు తీసి, ముద్ర ఉన్న కాటా మీద తూస్తే 19 కిలోల 640 గ్రాములు. కొంత ఎండి కూడా తగ్గింది. వాణిజ్య పరిమాణం గాలికి పోయింది, బెయిల్ వచ్చేసింది. విచారణకు వచ్చేసరికి నాలుగేళ్లు గడిచాయి. కోళ్ల షాపు కాటాకు తూనికలు కొలతల శాఖ ముద్ర ఉందా అని అడిగారు. చట్టం ప్రకారం గంజాయి అంటే పూత, కాయలున్న కొమ్మల చివర్లు. ఆకులు, గింజలు విడిగా ఉంటే లెక్కలోకి రావు. మీరు తూసినదాంట్లో ఎంత పూత, ఎంత ఉత్త ఆకు అని ఇంకో ప్రశ్న. వీఆర్వో బోనెక్కి, సంతకం ఆఫీసులో పెట్టానన్నాడు. హోటల్ కుర్రాడు ఊళ్లోనే లేడు. కేసు కొట్టేశారు.

ఆ రోజు కోర్టు వరండాలో డ్రైవర్ నా దగ్గరికి వచ్చాడు. తిడతాడేమో అనుకున్నాను. "సార్, నా సెల్‌ఫోన్ ఎప్పుడిస్తరు?" అన్నాడు.

పట్టుకున్న వస్తువులు దాచే మాల్‌ఖానాలో వెతికితే ఓ కవర్లో దొరికింది. బటన్ల ఫోన్, బ్యాటరీ ఉబ్బిపోయింది. నాలుగేళ్లు అది అక్కడే పడి ఉంది. దాంట్లో ఎక్కిన నంబర్లు ఎవరివి, ఆ రాత్రి పైలట్ ఎవడు, హయత్‌నగర్ దాటాక ఫోన్ చేసి ఎక్కడ దింపాలో చెప్పాల్సినవాడెవడు, ఇవేవీ నేను చూడలేదు. కాల్ రికార్డులు కంపెనీలు ఉంచాల్సిన గడువు అప్పట్లో ఏడాదే. నేను అడగలేదు, గడువు దాటిపోయింది. 22 కిలోలు పట్టుకున్న ఆనందంలో, ఆ ఫోన్ అవతల ఉన్న మనిషిని చేతులారా వదిలేశాను. తర్వాత సర్వీసంతా కుర్రాళ్లకు చెప్పింది ఒకటే. సరుకు తర్వాత చూడండి, ముందు ఫోన్ కవర్లో వేసి సీలు వేయండి అని.

ఇప్పుడు పరిస్థితి మెరుగే. 2024 జూలై నుంచి కొత్త చట్టం ప్రకారం సోదా, సీజ్ మొత్తం వీడియో తీయడం తప్పనిసరి. వీఆర్వో మాట మార్చినా వీడియో మార్చదు. శాంపిళ్లు మేజిస్ట్రేట్ ముందే తీయాలని 2016లో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. 2020లో ఇంకో తీర్పు వచ్చింది, అధికారి ముందు నిందితుడు ఒప్పుకున్నట్టు రాసుకున్న కాగితం సాక్ష్యం కాదని. చాలామంది మావాళ్లు దాన్ని తిట్టుకున్నారు. నాకైతే మంచిదే అనిపించింది. ఒప్పుకోలు కాగితం మీద బతకడం అలవాటైనవాడు బ్యాంకు ఖాతా చూడడు.

బ్యాంకు ఖాతా అంటే గుర్తొచ్చింది, ఎన్‌డీపీఎస్ చట్టంలో జనానికి తెలియని అధ్యాయం ఒకటుంది. పదేళ్లకు తగ్గని శిక్ష పడే కేసుల్లో నిందితుడి ఆస్తి, అతని బంధువుల పేరు మీదున్న ఆస్తి కూడా స్తంభింపజేయొచ్చు. ఇల్లు, ప్లాటు, బంగారం, ఖాతాలో డబ్బు, ఏదైనా. దర్యాప్తు అధికారి ఆర్డర్ రాస్తే 30 రోజుల్లోగా సంబంధిత అథారిటీ ఖరారు చేయాలి, లేకపోతే చెల్లదు. మన రాష్ట్రానికి ఆ ఆఫీసు చెన్నైలో ఉంది. అంటే రైడ్ అయిన నెల రోజుల్లో సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు కాగితాలు, బ్యాంకు లావాదేవీలు, అత్తగారి పేరు మీద ఉన్న ఇంటికి ఆవిడకు డబ్బెక్కడిదో లెక్క, ఇవన్నీ కట్టగట్టి చెన్నై పంపాలి. దీనికి 2,500 మంది అక్కర్లేదు. లెక్కలు తెలిసిన నలుగురు, ఆ నలుగురికీ బందోబస్తు డ్యూటీలు వేయని ఓ ఆఫీసర్ చాలు. జైలంటే భయపడని వాళ్లను చూశాను కానీ, ఇంటి గోడకు నోటీసు అంటిస్తే వణకని వాణ్ని చూడలేదు.

పీడీ యాక్ట్ గురించి అడుగుతారని తెలుసు. విచారణ లేకుండా ఏడాది లోపల పెట్టొచ్చు, పని చేస్తుంది కూడా. కానీ సులువుగా ఉంది కదా అని ప్రతివాడి మీదా వాడితే కోర్టు ఊరుకోదు. తెలంగాణలో ముందస్తు నిర్బంధాన్ని వాడుతున్న తీరును 2023లో సుప్రీంకోర్టు గట్టిగానే తప్పుపట్టింది.

గంజాయి గొడవలో పడి జనం మరచిపోయేది ఇంకొకటుంది, నాకైతే అదే ఎక్కువ భయం. గంజాయి బయటి నుంచి వస్తుంది. రసాయనాల మత్తు మన ఊళ్లోనే తయారవుతోంది. ఫార్మా కంపెనీలున్న ఊరు, కెమిస్ట్రీ చదివినవాళ్లున్న ఊరు, మూతపడిన చిన్న యూనిట్లలో ఖాళీగా ఉన్న రియాక్టర్లున్న ఊరు మనది. 2025 సెప్టెంబర్‌లో పాత బోయిన్‌పల్లిలో ఓ ప్రైవేటు స్కూలు బిల్డింగులో ఆల్ప్రజోలం అనే మత్తు మందు తయారుచేస్తుంటే రాష్ట్ర డ్రగ్స్ నిరోధక విభాగం ఈగల్ వాళ్లు పట్టుకున్నారు. ఓ పక్క పిల్లలకు పాఠాలు, ఇంకోపక్క రియాక్టర్లు. అదే నెలలో మహారాష్ట్ర పోలీసులు వచ్చి చర్లపల్లిలో మెఫెడ్రోన్ అనే ఇంకో మత్తుమందు ఫ్యాక్టరీ పట్టుకున్నారు. 12 వేల కోట్లని హెడ్‌లైన్లు వచ్చాయి. ఆ అంకె చూసి మోసపోకండి. అందులో సింహభాగం తయారై దొరికిన సరుకు విలువ కాదు, ఆ డ్రమ్ముల్లోని రసాయనాలతో ఎంత చేయొచ్చో ఊహించి వేసిన లెక్క. పోలీసు ప్రెస్‌మీట్లో కోట్లు వినిపిస్తే, కిలోలెంత అని అడగడం అలవాటు చేసుకోండి.

ఆల్ప్రజోలం ఎక్కువగా పోయేది కల్లులోకి. చెట్ల నుంచి దిగే కల్లుకు పదింతల గిరాకీ ఉన్నప్పుడు మిగతాది నీళ్లు, శాక్రిన్, ఈ మాత్రల పొడి. 2025 జూలైలో కూకట్‌పల్లి వైపు కల్తీ కల్లు తాగి మనుషులు చనిపోయింది మీకు గుర్తుండే ఉంటుంది. దీని మీద కూడా ఒకసారి పెద్ద ఎత్తున దాడులు జరిగాయి, 2015లో. ఒక్కసారిగా కల్తీ సరుకు ఆగిపోయేసరికి నిజామాబాద్, మహబూబ్‌నగర్ జిల్లాల్లో రోజూ తాగేవాళ్లకు ఫిట్స్ వచ్చాయి, వింతగా ప్రవర్తించారు, ఆస్పత్రులు నిండిపోయాయి. కల్లులో ఏముందో అప్పటిదాకా తాగినవాళ్లకే తెలియదు. సరుకు ఆపేటప్పుడు మందు, డాక్టర్, మంచం సిద్ధంగా లేకపోతే ఏమవుతుందో నేను కళ్లారా చూసింది అక్కడే. ఓ పెద్దాయన్ని నలుగురు పట్టుకుంటే తప్ప సెలైన్ ఎక్కించలేకపోయారు. ఆయనకు డ్రగ్స్ అనే మాటే తెలియదు. తను తాగేది కల్లు అంతే.

పబ్బుల మీద రైడ్లు చూసి కూడా జనం చప్పట్లు కొడతారు. 2022 ఏప్రిల్‌లో బంజారాహిల్స్‌లో ఓ పబ్బు నుంచి దాదాపు 150 మందిని తెల్లవారుజామున స్టేషన్‌కు తీసుకెళ్లారు. రెండు రోజులు టీవీల్లో ఎవరి పిల్లలు ఎవరన్నదే చర్చ. దొరికిన కొకైన్ ఐదు గ్రాముల లోపు. ఆ కొద్దిపాటి కొకైన్ ఎవరు తెచ్చారన్న ప్రశ్న టీవీలో ఎవరికీ గుర్తులేదు.

పోలీసులు, ఎక్సైజ్ వాళ్లు కలిసిపోయారా అని మీరు అనలేదు కానీ, ఇష్టం లేదా అన్నదాంట్లో అది ఉంది. ఉన్నారు కొందరు. పైన ధూల్‌పేట ఆవిడ మాట దాచకుండా చెప్పాను. అందుకే విడిగా ఓ విభాగం ఉండటం మంచిది. 2022లో హైదరాబాద్ సిటీలో హెచ్-న్యూ అనే డ్రగ్స్ విభాగం పెట్టారు, 2023లో రాష్ట్రం మొత్తానికి నార్కోటిక్స్ బ్యూరో వచ్చింది, 2025 జూన్‌లో దాన్నే ఈగల్ అన్నారు. గల్లీ స్టేషన్‌తో సంబంధం లేకుండా పైనుంచి పనిచేసేవాళ్లు ఉండటం వల్ల మీలాంటివాళ్లు ఫోన్ చేయడానికి ఓ చోటు దొరికింది.

ఇక మీ పాన్‌డబ్బా. అక్కడ కొంటున్నది మీ బస్తీ పిల్లలే అయి ఉంటారు. వాళ్లను పట్టించడం కోసం ఫోన్ చేయకండి. గంజాయి తాగినందుకు ఆరు నెలల దాకా శిక్ష ఉంది నిజమే, కానీ వ్యసనపరుడు తనంతట తాను ప్రభుత్వ గుర్తింపున్న కేంద్రంలో చికిత్సకు చేరితే కేసు నుంచి మినహాయింపు ఇచ్చే సెక్షన్ కూడా ఈ చట్టంలోనే ఉంది, 64ఎ. చికిత్స మధ్యలో మానేస్తే అది పోతుంది. మీ ఇంట్లోనో పక్కింట్లోనో అలాంటి కుర్రాడుంటే 14446కు ఫోన్ చేస్తే ఎక్కడికి తీసుకెళ్లాలో చెబుతారు, డబ్బు అడగరు.

పాన్‌డబ్బావాడి మీద ఫిర్యాదుకు 1908. మీ పేరు బయటికొస్తుందేమోనని టెన్షన్ పడకండి. సమాచారం ఎక్కడి నుంచి వచ్చిందో చెప్పమని అధికారిని కోర్టు కూడా బలవంతం చేయకూడదని ఈ చట్టంలోనే రాసి ఉంది. ఫోన్ చేసేముందు మాత్రం ఓ పది రోజులు ఆగండి. వీడియోలు తీయకండి, వాడితో గొడవ పడకండి. పొట్లాలు అమ్మేవాడు ఎవడో ఆ స్టేషన్‌లో హోంగార్డుకు కూడా తెలుసు, అది కొత్త సమాచారం కాదు. వాడికి సరుకు తెచ్చిచ్చేవాడు వారంలో రెండుసార్లు వస్తాడు, ఎక్కువగా పొద్దున పాల ప్యాకెట్లు దిగే టైములోనో, రాత్రి షట్టర్లు దించే టైములోనో. వచ్చి టీ తాగడు, సిగరెట్ కొనడు, బండి దిగకుండానే కవరు ఇచ్చి వెళ్లిపోతాడు. వాడు వచ్చేది ఏ రోజు, ఎన్ని గంటలకు, ఏ బండి, నంబరు ప్లేటు చివరి నాలుగు అంకెలు. ఇవి కాగితం మీద రాసుకుని అప్పుడు ఫోన్ చేయండి.